పాతగూడెం దారిలో ఉడుకుపురుగులు

మా నాన్న పోయిన రోజు నేను ఆసుపత్రి మంచం మీద ఉన్నాను, ఆపరేషనై రెండో రోజు. కుట్లు పచ్చిగా ఉన్నాయని మా తమ్ముడు సుధాకర్ నాకు చెప్పలేదు. దహనమై, స్నానాలు కూడా చేశాక ఫోన్ చేశాడు. వాడు చేసింది సరైనదేనని డాక్టర్ నుంచి పక్కింటావిడ వరకు అందరూ అన్నారు. వాళ్ళు అన్నకొద్దీ నాకు ఒళ్ళు మండింది. మూడేళ్ళు వాడితో మాట్లాడలేదు. ఈ మార్చిలో మా స్కూల్లో వంటచేసే సిరొంచ ఆవిడ, "పాతగూడెం దిక్కు ఉడుకుపురుగులుంటయి మేడం, మనిషి కోపం తిని బతుకుతయి. ఒక్కసారి పోయి రాండ్రి, పిల్లలు బతికిపోతరు" అంది. స్టాఫ్‌రూమంతా పగలబడి నవ్వింది. నేను ఆ ఆదివారమే బయలుదేరాను.

మంచిర్యాలలో పొద్దున ఆరింటికి బస్సెక్కి, చెన్నూరు మీదుగా ప్రాణహిత వంతెన దాటి ఎనిమిదిన్నరకల్లా సిరొంచలో దిగాను. బస్టాండు పక్కన వేడి పోహా, చాయ్ ముప్పై రూపాయలు. అక్కడి నుంచి ఆటోలో గంటన్నర దారి. రాజన్న అనే డ్రైవర్ రానుపోను పన్నెండు వందలన్నాడు, ఆగితే గంటకు నూరు వేరేనట. దారంతా పంట కోసేసిన వరిమళ్ళు, ఆ తర్వాత అడవి. పాతగూడెం ఇంకా రాకముందే ఇప్పచెట్ల కింద పువ్వు ఏరుతున్న లచ్చక్క దగ్గర ఆటో ఆపాడు. ఆమెది తరతరాలుగా ఆ అడవిని నమ్ముకున్న గోండు కుటుంబం. ఉడుకుపురుగుల కోసం వచ్చేవాళ్ళను చెట్టు కింద కూర్చోబెట్టేది ఆమే. ఎండ చురుక్కుమన్నాకే అవి కొమ్మలు దిగుతాయట.

పదిన్నరకు కూర్చున్నాను. కళ్ళు మూసుకుని, చేతులు ఒళ్ళో పెట్టుకుని, మంచి విషయాలు తలచుకున్నాను. అరగంటైనా ఒక్కటీ రాలేదు. లచ్చక్క చాట కింద పెట్టి నవ్వింది. "గుడికొచ్చినట్టు కూసున్నవేందమ్మా! గిట్ల సల్లగుంటే అవేం తింటయి?" ఇంతలో రాజన్న ఫోన్లో వీడియోలు గట్టిగా పెట్టాడు. "సౌండ్ తగ్గించవయ్యా, వెయిటింగ్ డబ్బులిచ్చి నీ పాటలు వినాలా?" అని అరిచాను. చింతగింజంత పురుగు ఒకటి ఎగిరొచ్చి నా మణికట్టు మీద వాలింది, క్షణమాగి వెళ్ళిపోయింది. "గది చిల్లర కోపం. దాంతోని కడుపు నిండదు. అసలుది ఎవ్వలి మీద?" అంది లచ్చక్క.

చెప్పాను. మొదట మెల్లగా, తర్వాత గొంతు చించుకుని. "చివరిచూపు కూడా దక్కనియ్యలేదు వాడు! నేను కూతుర్ని కానా?"

అప్పుడు దిగాయి. పదులు కాదు, వందలు. చేతుల మీద, మెడ మీద, నరం కొట్టుకునే ప్రతిచోటా. కుట్టవు, గీరవు. అన్నం ఉడికేటప్పుడు మూత కింద వచ్చేలాంటి చప్పుడు ఒళ్ళంతా. ఉల్లిపొరల్లాంటి రెక్కలు మొదట్లో పసుపై, నారింజై, చివరికి ఎర్రగా వెలిగాయి. నా మూడేళ్ళ మంట ఇంత అందంగా ఉంటుందా దేవుడా అనుకున్నాను. ఊపిరి తీసుకోవడానికి కూడా భయమేసింది, ఎక్కడ లేచిపోతాయోనని. రోజూ సిరొంచ దారిలో తిరిగే రాజన్న కూడా ఫోన్ జేబులో పెట్టి, చెప్పులు విడిచి నిలబడ్డాడు. ఒక్కసారిగా అన్నీ లేచాయి. చెట్టంతా ఎర్రబడింది.

అవి వెళ్ళాక నేను ఏడ్చాను. మూడేళ్ళుగా రాని ఏడుపు. "గిదేంది, తగ్గుతదన్నారు గదా!" అన్నాను. లచ్చక్క నా తల నిమిరింది. "అవి ఉడుకు తింటయి గని ఏడుపు ముట్టయి బిడ్డా. గది నీదే." మరి నీ కోపమంతా వీటికే పెడతావా అని అడిగాను. "అన్ని పెట్టొద్దు. మొగనిమీదిది పెడ్త, కోడలిమీదిది పెడ్త. మా పువ్వు తూకంల మోసం జేసే సేఠ్ మీది కోపం మాత్రం ఇంట్లనే ఉంచొస్త. గది నాకు పనికొస్తది" అంది. డబ్బు తీసుకోలేదు. నాతో ఒక గంపెడు పువ్వు ఏరించుకుని పంపింది.

నా ఫోన్‌కు సిగ్నల్ లేదు. పాతగూడెం అవతల ఇంద్రావతి వంతెన మీద దొరుకుతుందని రాజన్న ఆటో అటు పోనిచ్చాడు. అక్కడ రెండు గీతలు వచ్చాయి. చేశాను. "అక్కా?" అన్నాడు సుధాకర్. "నాన్న ముఖం ఎట్లుండె రా?" అని అడిగాను. "గడ్డం నేనే గీసిన అక్కా. దవడ మీద కొంచెం తెగింది. నువ్వుంటే తిడ్తువు అనుకున్న. ఎవ్వలన్న తిడితే బాగుండనిపించింది ఆ రోజు."

ఆ పురుగులు నా కోపాన్ని ఏం చేసుకున్నాయో నాకు తెలియదు. దాని కింద నాన్న ఉన్నాడని, నాన్న పక్కన గడ్డం కత్తి పట్టుకుని వాడొక్కడే నిలబడి ఉన్నాడని మాత్రం ఆ వంతెన మీదే తెలిసింది. మా స్కూల్లో పిల్లలు ఇప్పటికీ నాకు భయపడతారు. అంత తొందరగా మారిపోతానా?

వెళ్ళేవాళ్ళకు ఒకటే సూచన: ఆటో మాట్లాడుకునేటప్పుడు చెట్టు దగ్గర ఆగే సమయంతోపాటు వంతెన మీద ఆగే సమయం కూడా కలిపి మాట్లాడుకోండి. వంతెన మీదే నాకు గంటా పావు పట్టింది.