బాపు తెచ్చిన పేరు

నా చిన్నప్పుడు మా మానుకోటలో ఆడపిల్లల పేర్లు చాలావరకు దేవతలవో నాయనమ్మలవో అయి ఉండేవి. మా వాడకట్టులోనే నలుగురు లక్ష్మిలు, ముగ్గురు వీరమ్మలు. వాళ్ల మధ్య నా ఒక్కదాని పేరే ఈహ. ఇప్పుడు ఎవరెవరో ఫోన్లో వెతికి ఆ పేరు పెట్టుకుంటున్నారు, బాగుందంటున్నారు. అప్పట్లో మాత్రం అది పేరంటేనే ఎవరూ నమ్మేవాళ్లు కాదు. బడిలో పిల్లలు నన్ను చూడగానే పళ్లికిలించి ‘ఈహీహీ’ అనేవాళ్లు. మగపిల్లలు గుర్రాల్లా సకిలించేవాళ్లు. ఇంటికొచ్చి ఏడిస్తే అమ్మ కొంగుతో ముఖం తుడిచేది. ఆ పేరు ఎందుకు పెట్టారంటే మాత్రం ఏదో పని గుర్తొచ్చినట్టు లేచి వెళ్లిపోయేది.

మా బాపుకు బజార్లో ఉప్పు, చింతపండు, ఎండుమిర్చి అమ్మే దుకాణం ఉండేది. ఐదో తరగతి అయ్యాక నన్ను జనగామలో మేనత్త ఇంట్లో ఉంచారు. అత్తకు పిల్లలు లేరు, పైగా అక్కడ ఆడపిల్లల బడి మంచిదన్నారు. పాత బడి సర్టిఫికెట్ ఇంకా చేతికి రాలేదు. తర్వాత తెచ్చిస్తామని మామయ్య ఆఫీసు గదిలో చెబుతుండగానే నన్ను తరగతికి పంపేశారు. టీచరమ్మ రిజిస్టరు తెరిచి పేరు అడిగింది. నలభై మంది పిల్లలు నా వైపే చూస్తున్నారు. నన్ను ఎరిగినవాళ్లు ఒక్కరూ లేరు. ‘సునీత’ అన్నాను. ఆ మాట ఎంత సులువుగా వచ్చిందో నాకే ఆశ్చర్యం. ఎవరూ నవ్వలేదు.

రెండు నెలలు హాయిగా గడిచాయి. ఇంట్లో అత్త, మామయ్య ‘బిడ్డా’ అనే పిలిచేవారు కాబట్టి నా గుట్టు బయటపడలేదు. సర్టిఫికెట్ సంగతి పూర్తిగా మరిచిపోయాను.

ఒకరోజు పొద్దున పాఠం నడుస్తుండగా తలుపు దగ్గర బాపు కనిపించాడు. నెత్తికి రుమాలు, చేతిలో చిన్న మూట, జేబులోంచి బయటికి కనిపిస్తున్న మడతపెట్టిన కాగితం. దుకాణంలో పని చూసుకుని అట్నుంచి అటే రైలెక్కాడేమో, ఆయన బట్టల్లోని మిర్చి ఘాటుకు ముందు వరుస పిల్లలు తుమ్మారు.

“టీచరమ్మా, ఈహ గీ తరగతేనా?”

“ఎవరు?”

“ఈహ. మానుకోట నుంచి వచ్చింది.”

తరగతంతా గొల్లుమంది. ఆ పేరుగల పిల్ల ఇక్కడ లేదని టీచరమ్మ చెప్పింది. బాపు అప్పటికే నన్ను చూశాడు. ఆయన ముఖం వెలిగింది. నేను లేస్తానని చూస్తున్నాడు. నేను పుస్తకంలోకి తల దించాను. పక్కనున్న పిల్ల నన్ను మోచేత్తో పొడిచి, “మీ ఊరాయనేనట, నీకు ఎరికేనా సునీతా?” అని అందరికీ వినబడేలా అడిగింది. ఎరుగనని తల అడ్డంగా ఊపాను.

తర్వాత బాపు గొంతు వినిపించింది. “నేనే పొరపాటు పడ్డ టీచరమ్మా. ఇంకో బడి అయి ఉంటది.” తల ఎత్తేసరికి తలుపు దగ్గర ఎవరూ లేరు.

సాయంత్రం చుట్టుదారిన ఇంటికి వెళ్లాను. వెళ్లేసరికి బాపు అరుగు మీద కూర్చుని ఉన్నాడు. తిడతాడనుకున్నాను, తిడితే బాగుండేదని తర్వాత చాలాసార్లు అనుకున్నాను. మూట విప్పి నువ్వుల ముద్ద నా చేతిలో పెట్టాడు. “సునీత గూడ మంచి పేరే బిడ్డా. సర్టిఫికెట్ల గదే రాయించుకొస్త. జర టైం పడ్తది, గంతే,” అన్నాడు. ఆ మాటలో కోపం కోసం వెతికాను. లేదు. తెచ్చిన సర్టిఫికెట్ కాగితాన్ని జేబులోనే ఉంచుకుని సాయంత్రం రైలుకు వెళ్లిపోయాడు.

ఆయన వెళ్లాక అత్త నన్ను దగ్గర కూర్చోబెట్టుకుంది. నాకంటే ముందు అమ్మకు ముగ్గురు పిల్లలు పుట్టి పోయారని నాకు తెలిసింది అప్పుడే. మొదటి బిడ్డకు నాయనమ్మ పేరు, రెండో వాడికి తాత పేరు, మూడో బిడ్డకు కురవి వీరన్న దేవుడి పేరు మీద వీరమ్మ అని పెట్టారు. ఒక్కరూ ఏడాది దాటలేదు. నేను పుట్టినప్పుడు నాయనమ్మ నన్ను పెంటకుప్ప మీద పడుకోబెట్టి తీసి, పెంటమ్మ అని పిలుద్దామంది. అట్లాంటి పేరు పెడితే చావు కన్ను పడదని పెద్దవాళ్ల నమ్మకం. బాపు ఒప్పుకోలేదు.

“నా బిడ్డను పెంటల ఎయ్య అన్నడు. గంత మాట మా అమ్మ ముందట ఎన్నడూ అన్లే,” అంది అత్త.

స్టేషన్ ఘన్‌పూర్‌లో పెద్ద నిఘంటువు ఉన్న ముసలి పంతులు ఒకాయన ఉండేవాడట. బాపు రైలెక్కి ఆయన దగ్గరికి వెళ్లాడు. బాపు నిజాం కాలంలో ఉర్దూ బడిలో చదివినవాడు, తెలుగు అక్షరాలు కూడబలుక్కోవాలి. అందుకని పంతులు చదువుతుంటే కింద కూర్చుని విన్నాడు. పోయినవాళ్ల పేరు వద్దు, ఇంతకుముందు ఏ బిడ్డా మోయని పేరు కావాలని అడిగాడట. పంతులు ‘అ’ దగ్గర మొదలుపెట్టి పేరుకు పనికొచ్చే ఒక్కో మాటా, దాని అర్థమూ చదివాడు. ‘ఈ’ దగ్గరికి వచ్చేసరికి మధ్యాహ్నం దాటింది. ఈహ అంటే కోరిక, ప్రయత్నం అని చదవగానే బాపు ఆగమన్నాడు. ఆ రెండు అర్థాలూ మళ్లీ చదివించుకున్నాడు. మర్చిపోతానన్న భయంతో ఆ పేరును ఉర్దూ అక్షరాల్లో రాసుకుని, మానుకోటలో రైలు దిగేదాకా అదే అనుకుంటూ వచ్చాడట.

మర్నాడు తరగతిలో లేచి నిలబడి నా పేరు సునీత కాదని చెప్పాను. పిల్లలు నవ్వారు. టీచరమ్మ నవ్వలేదు. పేరుకు అర్థం అడిగింది, చెప్పాను. తర్వాత మెల్లగా, “నిన్న వచ్చింది మీ నాయనేనా?” అని అడిగింది. కూర్చుని మళ్లీ పుస్తకంలోకి తల దించాను. సర్టిఫికెట్ మార్చొద్దని బాపుకు ఉత్తరం రాశాను. ఆయన సొంతంగా చదువుకోవాలని ఒక్కో అక్షరం పెద్దగా, విడివిడిగా రాసి, చివర నా పేరు పెట్టాను.

బాపు అసలు సర్టిఫికెట్టే తెచ్చి ఇచ్చాడు. ఆ రోజు గురించి మళ్లీ ఎత్తలేదు. తర్వాత చాలా ఏళ్లు బతికాడు. కానీ పెళ్లిలోనో పేరంటంలోనో, నలుగురిలో నన్ను పేరు పెట్టి పిలవాల్సి వస్తే, ముందు నా ముఖంలోకి ఒకసారి చూసేవాడు, పిలవొచ్చా అని అడిగినట్టు. నేను తల ఊపేదాన్ని. అప్పుడు పిలిచేవాడు. అట్లా చూడొద్దు బాపూ అని చెప్పాలని ప్రతిసారీ నోటిదాకా వచ్చేది. చెప్పలేకపోయాను.

ఇప్పుడు నాకు డెబ్బై దగ్గర పడుతున్నాయి. పేరుకు అర్థం అడిగినవాళ్లకు సంతోషంగా చెబుతాను. చెబుతున్నంతసేపూ బాపు నా ముఖంలోకి చూస్తూనే ఉంటాడు.