ఒదీల్ పూసే తారు

కెనడాలోని అథబాస్కా నదిలో మంచు కరగ్గానే పడవలకు తారు పూయడం ఒదీల్ పని. భర్త ఆ నదిలోనే మునిగి చనిపోయినప్పటి నుంచీ అదే ఆమెకు కూడు. గట్టులోంచి కారే నల్లటి తారులో స్ప్రూస్ చెట్ల బంక కలిపి కాచి, పడవల అతుకుల్లో పూసేది. బదులుగా ఊరివాళ్లు ఎండుచేపలూ దుప్పి మాంసమూ ఇచ్చేవారు. చలికాలమంతా వాటితోనే గడవాలి.

ఆ వసంతంలో పెంబర్టన్ దొర ఊడిపడ్డాడు. తారు కలిసిన ఇసుకను వేడినీళ్లలో ఉడికించి తారు తీసే కార్ఖానా పెట్టాడు. తాతల కాలం నుంచీ అందరి కాళ్లకూ అంటుకుంటున్న తారును తానే కనిపెట్టినట్టు మాట్లాడేవాడు. పది పీపాల నీళ్లు కాచి గరిటెడు తీసేవాడు. ఆ గరిటె పట్టుకుని ఫొటో దిగేవాడు.

"ఇకమీదట నా తారు అందరికీ ఉచితం. ఆవిడ మురికి డేకిసా ఎందుకు మీకు?" అన్నాడు రేవులో.

అందరికన్నా ముందు పరిగెత్తింది ఒదీల్ మరిది మొదేస్త్.

"అందులో బంక కలిపాడా?" అడిగింది ఒదీల్.

"శుభ్రమైన తారుకి బంకెందుకు వదినా? నీకు కుళ్లు."

"కుళ్లే. నీకు ఈతొచ్చా?"

మూడు వారాలు ఆమె గుమ్మం ఎవరూ తొక్కలేదు. చేపలు ఆరేసే దండెం ఖాళీగా ఊగింది.

పట్నం నుంచి పెద్దమనుషులొస్తే దొర తన పడవలో షికారు తిప్పాడు. తెడ్డు మొదేస్త్‌ది. బల్లలకు కూడా పూసిన తారు ఎండకు కరిగి వాళ్ల పంట్లాలు అతుక్కున్నాయి. నది నడుమకు చేరేసరికి అతుకుల్లోంచి నీళ్లు. టోపీలతో తోడుకుంటూ ఒడ్డున పడ్డారు.

మర్నాడు మొదేస్త్ వచ్చాడు.

"నవ్వకు వదినా."

"నవ్వట్లేదు. కూర్చోమందామంటే బల్లకు అంటుకుపోతావేమోనని."

పాత పూత గీకందే కొత్తది పట్టదు. ఎవరి పడవ వాళ్లే గీక్కోవాలన్నది ఆ రేవు ఆనవాయితీ. మొదేస్త్ తన పడవ గీక్కున్నాడు. వారం తిరిగేసరికి దొర కూడా వచ్చాడు. కార్ఖానా సామాన్లు ఆ పడవలోనే రావాలి మరి.

"గీకడానికి మనిషిని పంపిస్తాను."

"పడవ మీదే కదా దొరా?"

రేవంతా చూస్తోంది. దొర మోకాళ్ల మీద కూలబడి మధ్యాహ్నం దాకా గీకాడు. ఒదీల్ అతుకులో వేలు పెట్టి చూసింది.

"ఇక్కడింకా మీ శుభ్రమైన తారుంది. త్వరగా కానివ్వండి దొరా, మీ వెనక పదకొండు పడవలున్నాయి."