సముద్రం అడుగున మూడు రాళ్ళు

మకాతే వయసు డెబ్బై నాలుగు. సముద్రం అడుగున నడిపించే కంపెనీ వాళ్ళ కాగితం మీద అరవై నాలుగని రాసింది.

బీపీ ఉందా, గుండె జబ్బు ఉందా, చెవుల్లో బాధేమైనా ఉందా అని ఆ కాగితం వరసగా అడిగింది. అన్నిటికీ లేదు, లేదు అని గీతలు పెట్టుకుంటూ పోయింది. ఇంటిపేరు దగ్గర పుట్టింటి పేరు తొకెశి అని రాసింది. అత్తింటి పేరు రాస్తే కౌంటర్లో పిల్ల తలెత్తి చూసేది, ఆ తర్వాత పడవ ఎక్కనిచ్చేది కాదు. నాలుగు నెలల కిందట ఆ పేరు ఒకినావా పేపర్లన్నిటిలోనూ పడింది.

"ఒక్కరే వచ్చారా మామ్మగారూ?" అని అడిగింది కౌంటర్లో పిల్ల. పేరు చినాత్సు. ఒసాకా నుంచి వచ్చి ఇక్కడ గైడుగా చేస్తోంది.

"ఒక్కదాన్నే. సెలవులకొచ్చాను."

ఆవిడ ఇల్లు అక్కడికి పది నిమిషాల నడక. ఆ పది నిమిషాలూ గొడుగు అడ్డం పెట్టుకుని, తెలిసిన మొహం కనబడితే పక్క సందులోకి తిరిగి మరీ వచ్చింది. జన్మలో సెలవన్నది ఎరగని మనిషి, ఏ సెలవులకొచ్చానని చెప్పాలో కూడా ఆలోచించుకోలేదు.

మకాతే చేపలమ్మి బతికింది. మా రేవులో ఆడవాళ్ళంతా అంతే. మగవాళ్ళు తెచ్చింది తొట్లలో పోసుకుని, నెత్తిన పెట్టుకుని, ఎండ ముదరకముందే నహా పట్నం బజారుకి పరుగు. పెళ్ళయిన పదిహేను రోజులకే ఆవిడ నెత్తిన తొట్టి ఎక్కింది. మోకాళ్ళు అరిగిపోయాక గానీ దిగలేదు. సముద్రం ఆవిడకి అన్నం పెట్టింది, నిజమే, కానీ మోకాలి లోతు దాటి ఆవిడెప్పుడూ అందులో అడుగు పెట్టలేదు. మా రేవులో ఆడవాళ్ళని పడవ ఎక్కించుకోవడం ఆనవాయితీ కాదు. ఈత నేర్పినవాడూ లేడు. మొగుడు మాత్రం ఊపిరి బిగబట్టి నీటి అడుగుకి పోయి చేపల్ని వలలోకి తోలేవాడు. చివరికి మంచంలోనే పోయాడు. సముద్రంలోకి పోయే మగవాడికి అంత మంచి చావు రావడం అదృష్టమని ఊళ్ళో చెప్పుకున్నారు.

కొడుకు మొరికాజు ఆ పని పట్టలేదు. పద్దెనిమిదేళ్ళు టూరిస్టుల్ని సముద్రం అడుగున నడిపించాడు.

"మీ నాన్న చేపల్ని తోలాడు, నువ్వు టూరిస్టుల్ని తోలుతున్నావు. అవేం మాట్లాడేవి కావు. వీళ్ళు పైకొచ్చి నిన్ను తిడతారు కూడానా?" అని ఏడిపించేది.

"తిట్టరమ్మా. ఏడుస్తారు కొందరు. అంత బావుంటుంది లోపల" అనేవాడు వాడు.

అలా భోజనాల దగ్గర వాడు చెబుతూ ఉంటే ఆవిడకి ఆ అడుగంతా తెలిసిపోయింది. నిచ్చెన దిగగానే ఇసుక. ఇసుకలో పాతిన ఇనప కమ్మీ, పట్టుకుని నడవడానికి. కమ్మీ అయిపోయిన చోట తిరగలి రాయంత బల్లపరుపు పగడం. దాన్ని తిరగలి అనే అంటారు, దాని దగ్గరే ఫొటోలు తీస్తారు.

ఆ తిరగలి దగ్గరే మార్చి నెలలో సుగానుమా అనే ఆయన చచ్చిపోయాడు. నీగాటాలో పోస్ట్‌మ్యాన్‌గా రిటైరైన మనిషి, అరవై ఎనిమిదేళ్ళు, పెళ్ళాంతో సరదాగా వచ్చాడు. ఆయన కింద ఏదో తీయబోయి వంగాడనీ, తలకి పెట్టిన గాలి హెల్మెట్లోకి నీళ్ళొస్తే కంగారుపడి తనే దాన్ని పీకేసుకున్నాడనీ, గైడు తప్పు లేదనీ విచారణలో తేల్చారు. ఆ పూట గైడు మొరికాజే, వాడు చెప్పింది ఒక్కటే మాట.

"పక్కనే ఉన్నాను."

అంతకు మించి వాణ్ని ఎవరూ ఏమీ అడగలేదు. వాడి కంపెనీ మూతపడింది. ఆ పడవ కట్టే చోటు పక్క కంపెనీ వాళ్ళకి దక్కింది.

అప్పటినుంచి మొరికాజు ఇంటి వెనక వరండాలో వాషింగ్ మెషీన్ ఎదురుగా కూర్చున్నాడు. నలభై ఆరేళ్ళవాడు. తినమంటే రెండు ముద్దలు తినేవాడు, పడుకోమంటే పడుకునేవాడు. మాటాడడు. ఏడవడు. నహాలో డాక్టరు మాత్రలిచ్చాడు. మాత్రలు కూడా చెప్పినట్టే మింగేవాడు. వాడి కళ్ళలోకి చూస్తే తలుపు తీసి ఉన్నా లోపల ఎవరూ లేని ఇల్లు చూసినట్టుండేది మకాతేకి.

ఆవిడకి జబ్బు పేరు తెలుసు. మబుయి పడిపోయింది. మనిషి లోపల ఉండే ఆ అసలు మనిషి, ఒక్కసారిగా హడలిపోతే జారి పడిపోతుంది. చిన్నప్పుడు వాడు గోడ మీంచి పడ్డప్పుడూ, కుక్క తరిమినప్పుడూ ఆవిడే వెళ్ళి ఎత్తుకొచ్చింది. కష్టమైన పనేం కాదు. వాడు తొడిగి విప్పిన చొక్కా పట్టుకెళ్ళి, ఆ చోట నిలబడి పేరు పెట్టి పిలిచి, మూడు రాళ్ళు ఏరుకుని, దారిలో ఎవరితోనూ మాటాడకుండా ఇంటికి రావాలి. ఈసారీ అలాగే చేసింది. రేవు గట్టు మీద మూడుసార్లు పిలిచింది. మూడుసార్లూ వట్టిదే అయింది.

ఎదురింటి ఉతో పెద్దమ్మకి తొంభై దాటాయి గానీ నోరు మాత్రం ఇంకా పదునే.

"గట్టు మీద పడిందటే, గట్టు మీద వెతకడానికి? డబ్బులు బజార్లో పారేసుకుని వంటింట్లో వెతుక్కుంటావేంటే?"

"నాకు ఈత రాదు గదా పెద్దమ్మా."

"ఈతెందుకే? తల కూడా తడవదంట. మొన్నెవడో ముసలాడు కళ్ళజోడుతోనే దిగొచ్చాడంట. నువ్వు వాడికంటే తక్కువ తిన్నావా?"

అలా వచ్చింది మకాతే, కొడుకు బనీను నడుముకి చుట్టుకుని, దాని మీద ఆ పక్క కంపెనీ వాళ్ళిచ్చిన రబ్బరు సూటు తొడుక్కుని.

పడవలో ఆవిడ కాక నగోయా నుంచి వచ్చిన కొత్త జంట ఉన్నారు. ఒకళ్ళ చేయి ఒకళ్ళు వదలడం లేదు.

చినాత్సు వాళ్ళ ముగ్గుర్నీ కూర్చోబెట్టి చెప్పింది. "హెల్మెట్ కింద వైపు తెరిచే ఉంటుంది. పైనుంచి గాలి పంపిస్తూనే ఉంటాం, అందుకని నీళ్ళు పైకి రావు. ముక్కు దురదేస్తే చెయ్యి లోపలికి పెట్టి గోక్కోవచ్చు. కానీ ఒక్కటి గుర్తుపెట్టుకోండి. వంగకూడదు. వంగితే గాలి బయటికి పోయి నీళ్ళొచ్చేస్తాయి. వచ్చినా కంగారు పడకండి, నిటారుగా నిలబడితే వాటంతటవే దిగిపోతాయి. కింద రాయి, గవ్వ, పగడం ఏదీ తీయొద్దు. సరేనా మామ్మగారూ?"

"సరేనమ్మా" అంది మకాతే. ఆ పూట ఆవిడ ఆడిన అబద్ధాల్లో అది ఎన్నోదో ఆవిడే మర్చిపోయింది.

నిచ్చెన మీద భుజాల దాకా దిగాక హెల్మెట్ తెచ్చి పెట్టారు. ఆ బరువు దిగగానే ఆవిడ మెడ దానంతటదే నిలబడింది. నిండు తొట్టి కంటే ఎక్కువేం కాదు. మరో నాలుగు మెట్లు దిగేసరికి ఆ బరువు కూడా పోయింది. చెవుల్లో సూదులు గుచ్చినట్టయితే చెప్పినట్టే గుటకలు మింగింది. అరికాళ్ళ కింద ఇసుక తగిలింది.

కొడుకు చెప్పినదంతా ఉంది. కమ్మీ ఉంది. చేపలున్నాయి, ఆవిడ జీవితమంతా అమ్మినవి చచ్చిన చేపలే, ఇవి బతికి మొహం ముందు తిరుగుతున్నాయి. పెళ్ళికూతురు గాజు వెనక నవ్వుతోంది. వీటిని చూసి ఏడుస్తారని కొడుకు అన్నాడు. ఆవిడకి ఏడుపు రాలేదు, భయం వేసింది. కమ్మీ పట్టుకుని ఒక్కో అడుగూ వేస్తూ చివరిదాకా నడిచింది. తిరగలి కనపడింది.

చినాత్సు వెనక్కి తిరిగి ఆ జంటకి చేపల్ని చూపిస్తోంది. చేతిలో మేత సీసా.

"మొరికాజూ" అని పిలిచింది మకాతే. గొంతు హెల్మెట్లోనే తిరిగి ఆవిడ చెవుల్లోనే పడింది. "ఒరేయ్ మొరికాజూ, అమ్మనొచ్చాన్రా. ఇంత దూరం వచ్చి పడ్డావేంట్రా నాయనా. పద, ఇంటికి పోదాం. కాకరకాయ వేపుడు చేస్తాను. నా వెనకాలే రా, రా నాన్నా."

మూడుసార్లు పిలిచింది. ఇంక రాళ్ళు కావాలి. మోకాళ్ళ మీద నిటారుగా కూర్చుందామని చూసింది గానీ, అరిగిన మోకాళ్ళు మడత పడలేదు. అందుకని వంగింది.

నీళ్ళు గడ్డానికొచ్చాయి. ఒక రాయి దొరికింది. నీళ్ళు నోటికొచ్చాయి. పెదాలు బిగించి రెండోది తీసింది. మూడోదాని కోసం ఇసుకలో తడుముతుంటే నీళ్ళు ముక్కులోకి పోయాయి. ఇంక మకాతే లేదు, రాళ్ళు లేవు, కొడుకూ లేడు. ఆవిడ చేతులు హెల్మెట్ అంచుల్ని పట్టుకుని పైకి పీకబోయాయి. వద్దని ఆవిడకి తెలుసు. చేతులకి తెలియలేదు.

సరిగ్గా అప్పుడు ఎవరో భుజం పట్టి ఆవిడని నిలబెట్టారు.

అంతే. నీళ్ళు బుడబుడమంటూ దిగిపోయాయి. గాలి వచ్చింది. ఎదురుగా చినాత్సు మొహం ఉంది. బాగానే ఉన్నారా అని కళ్ళతో అడుగుతోంది. ఆ పిల్ల రెండో చేతిలో మేత సీసా అలాగే ఉంది. దాన్ని కింద పెట్టే అవసరం కూడా రాలేదు.

మకాతే ఆ సీసా వైపే చూస్తూ నిలబడిపోయింది. పక్కనే ఉన్నాను అని కొడుకు చెప్పిన మాట ఆవిడకి అప్పుడు అర్థమైంది. ఒక్క చెయ్యి చాలు. ఇరవై నాలుగేళ్ళ పిల్ల, బక్కపిల్ల, ఒక్క చేత్తో నిలబెట్టేసింది. ఆవిడ కొడుకు పద్దెనిమిదేళ్ళు ఇదే పని చేశాడు.

వాడి మబుయిని ఇక్కడే వదిలేసి పోదామా అనిపించింది ఆవిడకి. నిజంగానే అనిపించింది. కానీ రెండు రాళ్ళు ఇంకా గుప్పిట్లోనే ఉన్నాయి. మూడోది కాలివేళ్ళ మధ్య ఇరికించుకుని, నీళ్ళు మోస్తుంటే కాలు ఓరగా పైకి తేల్చి చేతికందించుకుంది. మూడూ చింతగింజలంతే ఉన్నాయి. చెయ్యి హెల్మెట్ కిందనుంచి లోపలికి పోనిచ్చి, ముక్కు గోక్కున్నట్టు నటించి, నోట్లో వేసుకుంది. బజారులో చిల్లర దాచుకున్న చోటే అది.

పైకొచ్చాక చినాత్సు తువ్వాలు కప్పింది. "భయపెట్టేశారు మామ్మగారూ! వంగొద్దని చెప్పానా లేదా? ఎలా ఉంది ఒంట్లో?"

మకాతే నోరు తెరవలేదు. రెండు చేతులూ తొడల మీద పెట్టుకుని, ఆ పిల్లకి నడుం వంచి దణ్ణం పెట్టింది. ఒకసారి పెట్టి ఊరుకోలేదు, పెడుతూనే ఉంది. పిల్ల కంగారుపడి ఆపింది.

ఇంటికొచ్చేసరికి మధ్యాహ్నం రెండయింది. మొరికాజు వరండాలోనే ఉన్నాడు. ఆవిడ బనీను వాడి భుజాల మీద కప్పింది. మూడుసార్లు నీళ్ళు తీసి నుదుటి మీద అద్దింది. రాళ్ళు మూడూ వాడి గుండె మీద అదిమి, తర్వాత వాడి అరచేతిలో పెట్టి మూసింది. అన్నం ముద్ద పళ్ళెంలో పెట్టి ముందుకు జరిపింది.

వాడు చెయ్యి తెరిచి చూశాడు. చాలాసేపు చూశాడు.

"ఇవి తిరగలి దగ్గరివి" అన్నాడు. గొంతు బొంగురుపోయి ఉంది.

"అవున్రా."

"నువ్వు దిగావా?"

"దిగాను."

"వంగావా?"

"వంగకపోతే రాళ్ళు వాటంతటవే వస్తాయేంట్రా."

"ఎవరు లేపారు?"

"కొత్త పిల్ల. ఒసాకా పిల్ల."

వాడు రాళ్ళని వేళ్ళతో అటూ ఇటూ దొర్లించాడు. "ఎన్ని చేతులు పట్టాయి?"

ఆ రోజు వయసు దగ్గర అబద్ధం ఆడింది, జబ్బు దగ్గర ఆడింది, ఇంటిపేరు దగ్గర ఆడింది. ఇంకొకటి ఆడటానికి ఆవిడకేం కష్టం లేదు. ఇద్దరొచ్చి లాగారని, చచ్చే తిప్పలు పడ్డారని చెబితే సరిపోయేది. నాలిక చివరిదాకా వచ్చింది కూడా. కానీ వాడు తల్లి మొహంలోకి చూస్తున్నాడు. నాలుగు నెలల తర్వాత ఆ కళ్ళ వెనక మళ్ళీ మనిషి ఉన్నాడు.

"ఒక్కటే" అంది.

మొరికాజు తల ఊపాడు. "ఒక్కటే చాలు" అన్నాడు. "నాకు తెలుసు. ఆయన నా వైపే చూస్తున్నాడమ్మా. గడ్డం దాకా వచ్చాయి, నోటి దాకా వచ్చాయి, నేను చూస్తూనే ఉన్నాను. చెయ్యి లేవలేదు. ఎందుకు లేవలేదో తెలీదు. ఆయన పెళ్ళాం అవతల ఫొటోకి నవ్వుతోంది."

అప్పుడు ఏడ్చాడు. చిన్నప్పుడు కూడా వాడు అలా ఏడవలేదు. మకాతే వాడి తల ఒళ్ళోకి లాక్కుంది. తెచ్చినందుకు తనని తాను తిట్టుకుంది. అడుగునే ఉండనిచ్చి ఉంటే వీడికి ఇంత నొప్పి తెలిసేది కాదు కదా అనుకుంది. మళ్ళీ అంతలోనే వాడి ఒంటి వెచ్చదనం తగిలితే, ఇంకా గట్టిగా పట్టుకుంది.

వాడు అన్నం ముద్ద మొత్తం తిన్నాడు. తిని, పళ్ళెం పక్కన పెట్టాడు.

"నీగాటా ఎంత దూరం?"

"విమానం మారాలంటారు."

"ఆయన పెళ్ళానికి చెప్పాలి. ఆ తర్వాత పోలీసులకి." అన్నాడు వాడు. "నువ్వు కూడా వస్తావా?"

మకాతే లేచింది. లోపలికి వెళ్ళి పెట్టె తెరిచింది. చావు ఇళ్ళకి వేసుకెళ్ళే నల్ల బట్టలు రెండు జతలు తీసి, మడతల వాసన పోవాలని పెరట్లో ఎండకి ఆరేసింది.