అమ్మ నేర్చుకున్న సంతకం

నిన్న నా కూతురు తడిగుడ్డతో పలక తుడుస్తుంటే, ఆ వాసనకు అమ్మ సంతకం గుర్తొచ్చింది.

మాది తర్లుపాడు పక్కన పల్లె. అప్పుడు నేను మూడో తరగతి. అమ్మ గొర్రెలను దొడ్లోకి తోలి, చేతులు కడుక్కొని నా పలక ముందర కూర్చునేది. లక్ష్మమ్మ అని రాయడానికి నెల పట్టింది. ‘క్ష్మ’ దగ్గర బలపం విరిగేది. నేను టీచరమ్మ లెక్క కసిరేదాన్ని.

ఒకరోజు మా మామ, అంటే అమ్మ తమ్ముడు, వచ్చినాడు. "అక్కా, నాయన చేనుకు పాసుబుక్కు రావాలంట. మార్కాపురం పోయొద్దాం రా" అన్నాడు. నేనూ ఎంట పడినా.

పత్రాలు రాసే ఆయన కాగితం చేతిలోకి తీసుకొని, "వేలిముద్రేనా అమ్మా? చదువుతా, విను" అన్నాడు.

"వేలిముద్ర ఏంది సామీ, సంతకం చేస్తా. నా బిడ్డ నేర్పింది" అనింది అమ్మ.

ఆయన చదవకుండానే కాగితం అమ్మ ముందరికి జరిపినాడు. ఒక్క ఒత్తు తప్పలేదు. మామ నాకు సోడా ఇప్పిచ్చినాడు. ఆటోలో అమ్మ బొటనవేలు చూపించి, "చూడు పాపా, మరకే లేదు" అని నవ్వింది.

మరుసటేడు అమ్మ ఆ చేన్లోకే కంది కోతకు కూలికి పోయింది. తన భాగం తమ్ముడికి వదిలేస్తున్నట్టు రాసుందంట ఆ కాగితంలో.

నేను అమ్మకు సంతకం నేర్పినా. చదవడం నేర్పలేదు.