అరువు కుర్చీల మీద అభివృద్ధి

బీదగా ఉండటం ఎవరికైనా వచ్చు. విదేశాల నుంచి దిగినవాళ్ళ ముందు కూర్చుని, ఆ ఏడు వాళ్ళకి ఏ రకం బీదతనం కావాలో ఆ రకంగా చెప్పుకోవడం మాత్రం అందరికీ రాదు. ఆ విద్యలో ఇబ్రహీంపట్నం బస్ డిపో వెనక గల్లీలో ఉండే నీలమ్మను మించినవాళ్ళు సాగర్ రోడ్డు పొడవునా లేరు.

ఆమెది యాచారం పక్కన పల్లె. ఉన్న కాస్త చెలక భూసేకరణలో పోయాక కొడుకు భూపాల్, కోడలు యమునతో కలిసి ఇక్కడికి చేరింది. భూపాల్ టిప్పర్ నడుపుతాడు, యమున మీర్‌పేట్‌లో ఒక హాస్టల్లో వంట చేస్తుంది. ఇద్దరూ తెల్లారి పోతే పొద్దు గూకాకే రావడం. అందుకని మనవరాలు శివాని నీలమ్మ చంకలోనే పెరిగింది. ఆ పిల్లకు పుట్టుకతోనే కాళ్ళు బిగుసుకుపోయి, కత్తెరలా ఒకదాని మీద ఒకటి పడేవి. బడికి పోయే వయసొచ్చినా నిలబెడితే కూలబడిపోయేది. పెద్ద దవాఖానలో డాక్టరు చెప్పింది ఒకటే. రోజూ కాళ్ళు సాగదీయాలి, పట్టుకుని నిలబడటం నేర్పాలి, మానేస్తే మళ్ళీ ముడుచుకుపోతాయి.

ఆ పని చేయించే చోటు ఊళ్ళో ఒక్కటే ఉండేది. మార్కెట్ దాటాక వచ్చే పిల్లల కేంద్రం. చలి ఎక్కువ, డబ్బు అంతకన్నా ఎక్కువ ఉన్న ఒక దేశపు ప్రభుత్వం పంపే సాయంతో అది నడిచేది. స్టెల్లా అనే అమ్మాయి పిల్లల చేత వ్యాయామం చేయించేది. గది మధ్యలో పెద్ద చెక్క పలక మీద పిల్లల నడుమెత్తున పక్కపక్కగా బిగించిన రెండు ఇనుప కడ్డీలుండేవి. పిల్లని వాటి మధ్య నిలబెట్టి, రెండు చేతులా పట్టించి, అడుగు వేయించాలి. శివాని తన కాళ్ళ మీద తాను మొదటిసారి నిలబడింది అక్కడే. ఆ రోజు నీలమ్మ ఏడ్చిన ఏడుపుకి పిల్లకేదో దెబ్బ తగిలిందనుకుని స్టెల్లా హడలిపోయింది.

కాబట్టి ఆ కేంద్రం మూతపడకూడదు. నీలమ్మకు లోకంలో కావలసింది అంతే. కానీ ఆ దేశం ఊరుకుంటేగా! అక్కడ ప్రభుత్వం మారినప్పుడల్లా, ఒక్కోసారి మారకపోయినా, తాము సాయం చేసే పద్ధతిలో ఏదో లోపముందన్న ఆలోచన పెద్దలకు పుట్టుకొచ్చేది. దానికి సంస్కరణ అని పేరు. మొదట సాయం సంగతి చూసే శాఖను తీసుకెళ్ళి విదేశాంగ శాఖలో కలిపారు. ఇబ్రహీంపట్నంలో బోర్డు మారింది. తర్వాత, సాయమన్నది వ్యాపారానికి తోడుగా ఉండాలన్నారు. బోర్డు మళ్ళీ మారింది, పిల్లల తల్లులకు కుట్టు మిషన్ గురించి ఒక ఉపన్యాసం కూడా ఇప్పించారు. మిషన్ రాలేదు. ఆ పైన, వాతావరణ మార్పుతో ముడిపడని పనికి పైసా ఇవ్వమన్నారు. వంకర కాళ్ళకీ వాతావరణానికీ సంబంధమేమిటని స్టెల్లా పాపం అమాయకంగా అడిగింది. కేంద్రం మేనేజరు దయాకర్ తల బద్దలు కొట్టుకుని ఆ సంబంధం కనిపెట్టాడు. ఎండలు ముదిరితే పిల్లలు కేంద్రానికి రాలేరట. నిజమే, వాన పడినా రాలేరు.

సంస్కరణ వెంట చూడటానికి మనుషులు వచ్చేవారు. వచ్చినవాళ్ళను దయాకర్ తీసుకొచ్చి నీలమ్మ ఎదురుగా చాప మీద కూర్చోబెట్టేవాడు. ఒక ఏడు ఆమె భూమి పోయిన రైతు, ఇంకో ఏడు స్త్రీ శక్తికి నిదర్శనం, మరో ఏడు ఎండకు సోలిపోయిన ముసలమ్మ. చిత్రమేమిటంటే అన్నీ నిజాలే. నీలమ్మ ఒక్క అబద్ధం ఆడి ఎరగదు. ఏ నిజాన్ని ముందు పెట్టాలో దయాకర్ చెప్పేవాడు. మాసిన చీర కట్టుకు రమ్మనేవాడు, ముక్కుపుడక తీసేయమనేవాడు. గొంతు ఎక్కడ జీరపోవాలో మాత్రం ఆమెకెవరూ నేర్పలేదు. వాళ్ళు కళ్ళు ఒత్తుకునేవారు, ఫొటోలు తీసుకునేవారు, కేంద్రం ఇంకొన్నాళ్ళు నడిచేది. పంపే సాయంలో సగం ఈ వచ్చిపోయేవాళ్ళ విమానాలకే, హోటళ్ళకే సరిపోతుందని దయాకర్ ఓసారి నోరు జారాడు. నీలమ్మ ఏమీ ఆశ్చర్యపోలేదు. పెళ్ళిలో మాత్రం పందిరికీ బ్యాండుకీ పోయాకే కదా అన్నానికి మిగిలేది అంది.

ఇలా ఉండగా అన్నిటికన్నా గొప్ప సంస్కరణ వచ్చిపడింది. దాని పేరు నేరుగా వినడం. ఇన్నేళ్ళూ నేర్పించిన మాటలే తమకు వినిపించారని ఆ దేశం వాళ్ళకు ఉన్నట్టుండి అనుమానమొచ్చింది. అనుమానం సరైనదే. ఇకనుంచి మధ్యలో ఎవరూ ఉండరు, సాయం అందుకునే నీలమ్మ ఇంటికే వెళ్ళి, ఆమె సొంత మాట ఆమె నోటే వింటారు. ముందుగా ఆమెతో మాట్లాడవద్దని దయాకర్‌కు గట్టిగా చెప్పారు. అతను గల్లీ మొదట్లోనే ఆగి, కావలసినంతే చెప్పాడు.

“అక్కా, ఎల్లుండి వాళ్ళు మీ ఇంటికే వస్తరట. ఇంకేం చెప్పొద్దన్నరు నన్ను.”

ఇంటికి అన్న ఒక్క మాటతో నీలమ్మ పాత విద్యంతా గాలికి పోయింది. కేంద్రంలో చాప మీద కూర్చుని గోడు వెళ్ళబోసుకోవడం ఒక పని. గడప తొక్కి వచ్చిన మనిషికి ఇంట్లో లేమి చూపించడం తలవంపు. ఆ గల్లీలో ఎవరింటికి చుట్టమొచ్చినా పక్కిళ్ళలో సామానుకు కాళ్ళొస్తాయి. పక్కింటి శోభ స్టీలు గిన్నెలు ఎన్ని ఇళ్ళలో పెళ్ళిచూపులు నడిపించాయో ఆమెకే గుర్తు లేదు. అడగకముందే శోభ తన మెత్తల కుర్చీలు పంపింది, కూలరు పంపింది. పై వాటాలో అద్దెకున్నవాళ్ళు టీపాయి దింపారు. నీలమ్మ గోడలకు సున్నం కొట్టించింది, కోడలి పెళ్ళినాటి పట్టుచీర కట్టింది, ముక్కుపుడక కడిగి పెట్టుకుంది. పొద్దున్నే కోడికూర, బగారన్నం పొయ్యెక్కాయి. గల్లీ అంతా ఘుమఘుమలాడింది.

వచ్చిన అధికారిణి పొడుగాటి మనిషి, తల వంచి గానీ గుమ్మం దాటలేకపోయింది. వెంట మాటలు అటూ ఇటూ చెప్పడానికి క్రాంతికుమార్ అనే కుర్రాడు. మెత్తల కుర్చీలో కూర్చోగానే ఆమె అడిగిన మొదటి మాట, మీ కష్టాలేమిటని.

“మాకేం ఫికర్ లేదు, మంచిగున్నం. ముందుగాల నువ్వు తిను బిడ్డా, ఎండల పడి వచ్చినవ్,” అంది నీలమ్మ.

అన్నం ముందు పెట్టి కష్టాలు ఏకరువు పెట్టే ఇల్లాలు ఎక్కడైనా ఉంటుందా? క్రాంతికుమార్ ఆ మాటను ఉన్నదున్నట్టు ఆవిడ భాషలోకి దించాడు. కేంద్రం ఎలా ఉందంటే, మస్తుగా ఉందని చెప్పి, నీలమ్మ పరుగున వెళ్ళి శివానిని తెచ్చి కుర్చీ పట్టించి నిలబెట్టింది. పిల్ల నవ్వింది, అధికారిణి చప్పట్లు కొట్టింది. కేంద్రం లేకపోతే ఏమవుతుందన్న ప్రశ్న ఆవిడ దగ్గర లేదు. పాత పద్ధతిలో ఉండేదట, సంస్కరణలో తీసేశారట. ఆవిడ కూర మారు వడ్డించుకుంది. తిన్న మనిషి కేంద్రాన్ని ఎలా మూస్తుందిలే అని నీలమ్మ ఆ పూట గుండెల మీద చెయ్యేసుకుని పడుకుంది.

వానలు మొదలయ్యేసరికి దయాకర్ ఫోన్ పట్టుకుని వచ్చాడు. ఆ దేశం వాళ్ళు వేసిన పుస్తకం అట్ట మీద నీలమ్మ ఫొటో ఉంది. శోభ కుర్చీలో పట్టుచీరతో, వెనక కూలరుతో, నిండుగా నవ్వుతోంది. కింద రాసిన దాన్ని దయాకర్ తెలుగు చేసి వినిపించాడు. ఈ ప్రాంతంలో కుటుంబాలు సాయం అవసరం లేని స్థాయికి ఎదిగాయట, అందువల్ల కార్యక్రమాన్ని విజయవంతంగా ముగిస్తున్నారట.

“అన్నేండ్లు నేర్పిన కదక్కా. ఒక్క దినం బీదగ ఉండలేకపోయినవా?”

“నా ఇంట్ల నేను గట్లెట్లుంటనయ్యా?” అంది నీలమ్మ. అనైతే అంది గానీ, తన చేత్తో తానే పిల్ల కాళ్ళు విరిచినట్టనిపించింది ఆమెకు. నన్నడిగితే తప్పు ఆమెది కాదు. అరువు కూలరు గాలికి చల్లబడి, ఆమె వండింది తిని, ఆమె మర్యాదనే ఆమె మీద సాక్ష్యంగా రాసుకుపోయినవాళ్ళను తలచుకుంటే కడుపు మండిపోతుంది. శోభ బాధ ఇంకోటి. కూలరు విదేశాలు చూసింది గానీ తనను ఎవరూ పిలవలేదని.

ముగింపుకు కూడా ఒక సభ పెట్టారు, దండలు వేసుకున్నారు. కేంద్రం సామానంతా ఇకపై స్థానికుల సొత్తని ప్రకటించి, ఒక సర్కారు ఆఫీసుకు అప్పగించారు. స్టెల్లా హైదరాబాద్‌లో వేరే కొలువు వెతుక్కుంది. పోయే ముందు చేతనైనంత నీలమ్మకు చూపించి, కడ్డీలు లేకుండా మాత్రం నడక రాదు పెద్దమ్మా అని చెప్పి పోయింది. నీలమ్మ రోజూ పిల్ల కాళ్ళు సాగదీస్తూనే ఉంది. అయినా నెల తిరిగేసరికి మోకాళ్ళు మళ్ళీ ముడుచుకోవడం మొదలైంది. కుర్చీ పట్టుకుని నిలబడే పిల్ల అదీ మానేసింది.

ఒక పగటిపూట నీలమ్మ శివానిని ఆటోలో వేసుకుని ఆ ఆఫీసుకు పోయింది. ఈసారి ఏ చీర కట్టుకుందో ఆమె చూసుకోలేదు. ఆఫీసు వెనక రేకుల షెడ్డులో, విరిగిన బీరువాల పక్కన, కడ్డీలు కనిపించాయి. వాటి మీద వాచ్‌మన్ బాలరాజ్ లుంగీ, బనీన్లు ఆరుతున్నాయి. నీలమ్మ వాటిని తీసి, మడతపెట్టి, బీరువా మీద పెట్టింది. కొంగుతో కడ్డీల దుమ్ము తుడిచింది. అప్పుడొచ్చాడు బాలరాజ్.

“ఎవలను అడిగి ముట్టినవ్?”

“ఇది స్థానికులదని అందరి ముంగట చెప్పిన్రు. నాకంటె స్థానికురాలు ఎవలున్నరు ఈడ?”

సారుకు ఫోన్ చేస్తానన్నాడు బాలరాజ్. చెయ్యమంది. వస్తే ఆయన కూడా నేరుగా వింటాడని చెప్పి, పిల్లని ఎత్తి కడ్డీల మధ్య దించింది. శివాని రెండు చేతులా పట్టుకుంది. మోకాళ్ళు సగమే సాగాయి, మడమలు నేలకు ఆనలేదు. వణుకుతూ, పళ్ళు బిగబట్టి, అలాగే నిలబడింది. బాలరాజ్ కాసేపు చూసి ఫోన్ జేబులో వేసుకున్నాడు. సాయంత్రం షెడ్డుకు తాళం వేయాలన్నాడు మెల్లగా.

“ఏస్కో. రేపు మళ్ల వస్తం,” అంది నీలమ్మ, పిల్ల మీద నుంచి చూపు తిప్పకుండా. “నీ బట్టలు మాత్రం గోడ మీద ఆరేస్కో.”