గోల్ పడ్డప్పుడు మేం బయట ఉన్నాం

ఆ దేశం మాకు ఏమీ కాదు. మా ఇంట్లో ఎవరూ అక్కడికి పోలేదు, అక్కడివాళ్లెవరూ గోదావరిఖని రాలేదు. వచ్చి ఈ దుమ్ములో వాళ్లు చేసేది మాత్రం ఏముంది! పేరు పలకబోతే నాలుక తిరగక మా అమ్మ దానికి ‘కొండల దేశం’ అని తనే ఒక పేరు పెట్టుకుంది. ఇంట్లో అదే ఖాయమైంది. కొండల దేశం ఆడపిల్లల ఫుట్‌బాల్ జట్టు మా క్వార్టర్ ముందర గదిలో, నా ఫోన్‌లో, ఒక ఎండాకాలమంతా ఆడింది. ఓడింది అంటే ఇంకా సరిగ్గా ఉంటుంది.

అంతకుముందు చలికాలంలో బాపుకు, అంటే మా నాన్నకు, బాయిలో దెబ్బ తగిలింది. మా దగ్గర బొగ్గు గనిని బాయి అంటారు. బొగ్గు తీసిన చోట పైకప్పు కూలకుండా కర్రలు, ఇనుప దిమ్మెలు నిలబెట్టే పని బాపుది. ఆయనకో జోడీదారు ఉండేవాడు. ఇద్దరిదీ ఏళ్ల తరబడి ఒకే షిఫ్టు, ఒకే సైకిల్ స్టాండు, ఒకే బీడీ కట్ట. ఆ రోజు పైనుంచి బండ కూలింది. బాపుకు కాలు విరిగింది. జోడీదారు బతకలేదు.

దవాఖాన నుంచి ఇంటికొచ్చిన బాపు మాట్లాడడం మానేశాడు. నీళ్లు, గోలీ, ఫ్యాను. ఈ మాటల మీదే రోజులు వెళ్లదీశాడు. చూడడానికి వచ్చినవాళ్లు మాత్రం పండ్ల సంచి కింద పెట్టకముందే మొదలుపెట్టేవాళ్లు. “ఎట్లయిందే? పక్కపొంటే ఉంటివి గద, ఏం సూసినవ్?” నాకు ఒళ్లు మండేది. ఇదేమన్నా సినిమానా చూసొచ్చి చెప్పడానికి? అమ్మ కళ్లతోనే నన్ను ఆపి లోపలికి తరిమేది. బాపు గోడ వైపు తిరిగి పడుకునేవాడు.

ఒకరోజు జోడీదారు భార్య వచ్చింది. మొగుడు పోయాక ఆమె గోదావరి అవతల, నస్పూర్‌లో తమ్ముడి ఇంటి పక్కన గది తీసుకుని ఉంటోంది. రెండు బస్సులు మారి వచ్చింది. మంచం పట్టె మీద చెయ్యి వేసి నెమ్మదిగా అడిగింది.

“అన్నా, ఆఖరుకు ఏమన్నడు? ఎట్లుండె? నువ్వొక్కనివే ఉంటివి గద దగ్గర.”

బాపు నోరు తెరిచాడు. మళ్లీ మూశాడు. గోడ వైపు తిరిగాడు. ఆమె చాయ్ చల్లారేదాకా కూర్చుని, అలాగే లేచి వెళ్లిపోయింది. ఆ తర్వాత బాపు నీళ్లు అడగడం కూడా తగ్గించాడు. మనిషి దక్కాడని అందరూ దేవుడికి మొక్కారు గానీ, మనిషిలోంచి మాట పోయిందన్న సంగతి మాకే తెలుసు. అది తిరిగి వస్తుందా రాదా? ఆ ఎండాకాలం మా ఇంట్లో ఇంకో ఫికర్ లేదు.

నేను డిగ్రీలో ఉన్నప్పుడు కాలేజీ జట్టుకు గోల్‌కీపర్‌ని. పెద్ద ఆటగత్తెనేం కాదు, పొడుగ్గా ఉన్నానని నిలబెట్టారు. ఆ అలవాటు కొద్దీ ఫోన్ అప్పుడప్పుడు నాకు ఎక్కడెక్కడి ఆటలో తెచ్చి చూపించేది. అలా ఒక మధ్యాహ్నం వచ్చి పడింది కొండల దేశం. ఒకే కెమెరా. దాన్ని పట్టుకున్న మనిషికి దగ్గు. మాట్లాడే భాష ఒక్క ముక్క అర్థం కాదు. ప్రపంచం మొత్తంలో చూస్తున్నవాళ్లు మా లైన్‌లో ఉన్న క్వార్టర్లకంటే తక్కువే.

మొదటిసారి చూసినప్పుడే నాకు ఏదో అయింది. ఆ మైదానం ఒక లోయ అంచున ఉంది. ఆట నడుస్తుండగానే మబ్బులు నడుచుకుంటూ లోపలికి వస్తాయి. ఎవరూ ఆపరు. ఒక మూల నుంచి తెల్లగా కమ్ముకొస్తుంటే పసుపు చొక్కాల పిల్లలు ఒక్కొక్కరే అందులోకి వెళ్లి మాయమవుతారు. బంతి తన్నిన చప్పుడు వినిపిస్తుంది, బంతి కనిపించదు. కాసేపటికి ఇంకెక్కడి నుంచో ఒక పిల్ల పరుగెత్తుకుంటూ బయటికి వస్తుంది, తల మీద నీటిచుక్కలతో. మా కిటికీ బయట ఎండ. కిటికీ చువ్వల మీద పొద్దున తుడిచిన నల్లదుమ్ము మధ్యాహ్నానికే మళ్లీ. ఫోన్‌లో ఆ తెలుపు. రెండింటి మధ్య కూర్చుని నేను ఎక్కడున్నానో మరిచిపోయేదాన్ని.

కళ్లు మూసుకుంటే ఆ పిల్లలు మా బొగ్గు లారీల దారి పక్కన వరసగా నడుస్తున్నట్టు ఉండేది. మేడలకంటే ఎత్తుగా పోసిన మట్టిగుట్టల మీదికి వాళ్ల మబ్బు ఎక్కుతున్నట్టు, ఆ మబ్బులో మా కాలనీ మొత్తం చల్లబడి నిద్రపోతున్నట్టు. మెలకువగానే ఉండేదాన్ని. అయినా అది కలే.

బాపు మంచం ముందు స్టూలు వేసి, నీళ్ల చెంబుకు ఆనించి ఫోన్ నిలబెట్టడం నేనే మొదలుపెట్టాను. ఆయన చూస్తాడని కాదు, గోడనైనా వదులుతాడేమోనని. రెండో మ్యాచ్‌కే వదిలాడు. మాట లేదు గానీ కళ్లు మాత్రం బంతి వెంట తిరుగుతున్నాయి. అది చూసి అమ్మ కూరగాయల పళ్లెం తెచ్చుకుని పక్కన కూర్చుంది. పక్క క్వార్టర్ ఆంటీ కూడా చేరింది. వాళ్లది కోస్తా, ఆమె భర్త బొగ్గు కంపెనీలో ఇంజనీరింగ్ పని మీద వచ్చాడు.

“అయ్యో వదినా, ఆ పిల్లలు అలా తడిసిపోతున్నారేంటండీ! ఎవరైనా గొడుగు పట్టొచ్చు కదా!” అనేది ఆంటీ.

“గొడుగు పట్టుకోని ఎట్ల ఆడుతరమ్మా!” అనేది అమ్మ.

ఆ జట్టు ఒక్క గోల్ కూడా కొట్టలేదు. ప్రతి మ్యాచ్‌లోనూ అవతలివాళ్లు కొడుతూనే ఉంటారు. వీళ్ల గోల్‌కీపర్ వలలోంచి బంతి తీసి, చొక్కాతో తుడిచి మరీ మధ్యకు విసురుతుంది. ఆ తుడవడం ఎందుకో గానీ నాకు ప్రాణం. ఒక్క గోల్ పడితే చాలు, దసరాకు మొక్కిన మేకపిల్లను ముందే కోయిస్తానని అమ్మ ప్రకటించింది. బాపు అమ్మ వైపు చూశాడు. చాలా రోజులకు ఆయన ఒక మనిషి వైపు చూడడం అది.

ఇక్కడ మా లైన్ అలవాటు ఒకటి చెప్పాలి. ఓపెన్‌కాస్టులో, అంటే పైనుంచి తవ్వే బొగ్గు గనిలో, మధ్యాహ్నం పూట బ్లాస్టింగ్ చేస్తారు. ముందు సైరన్ కూస్తుంది. కాసేపటికి భూమి కిందనుంచి ఒక గుద్దు. గిన్నెలు గలగలలాడతాయి, స్లాబు నుంచి సున్నం రాలుతుంది. ఎప్పుడో ఎవరింట్లోనో పెచ్చు ఊడి ఊయల పక్కన పడిందట. అప్పటి నుంచి సైరన్ వినబడితే చాలు, మా లైన్‌లో ఎవరూ ఇంట్లో ఉండరు. పొయ్యి మీద పప్పు ఉన్నా సరే, తలకు సగం నూనె రాసుకున్నా సరే, రోడ్డు మీదికి వచ్చి నిలబడతారు. గుద్దు అయ్యాక లోపలికి వెళతారు. దీనికి ఆలోచన అక్కర్లేదు, కాళ్లే తీసుకుపోతాయి. బాపు ఒక్కడు రాలేడు. ఆయన మంచాన్ని అమ్మ సరిగ్గా దూలం కిందికి జరిపి పెట్టింది.

ఆ రోజు కొండల దేశం అప్పటికే నాలుగు గోల్స్ తిని ఉంది. ఆట చివరికొచ్చింది. మబ్బు విడిపోయి మైదానమంతా ఎండపడింది. పసుపు చొక్కాలు మొదటిసారి అవతలి గోల్ దగ్గర గుంపుగా చేరాయి. నేను మోకాళ్ల మీద లేచాను. అప్పుడు కూసింది సైరన్.

కాళ్లు తీసుకుపోయాయి. అమ్మ, ఆంటీ, నేను, ముగ్గురం రోడ్డు మీద తేలాం. ఇంత ఆశపడి చూస్తున్నదాన్ని, ఎందుకు లేచానో, ఎప్పుడు చెప్పులు వేసుకున్నానో నాకే తెలియదు. గుద్దు అయింది. లోపలికి ఉరికి చూస్తే తెర మూలన నాలుగు పక్కన సున్నా లేదు, ఒకటి ఉంది. పసుపు చొక్కాలు ఒకదాని మీద ఒకటి పడి దొర్లుతున్నాయి. గోల్‌కీపర్ ఆ చివర ఒంటరిగా గంతులేస్తోంది. ఒకే కెమెరా కదా, మళ్లీ చూపించలేదు.

నేను నెత్తి కొట్టుకున్నాను. ఆంటీ “అయ్యో అయ్యో” అంటూ అక్కడే కూలబడింది. అమ్మ బ్లాస్టింగ్‌ను, దాన్ని కనిపెట్టినవాణ్ని, వాడి ఏడు తరాలను తిట్టింది.

“నేను సూసిన.”

ఎవరన్నారో మాకు వెంటనే అర్థం కాలేదు.

“నేను సూసిన,” అన్నాడు బాపు మళ్లీ. గొంతు తుప్పు పట్టినట్టు ఉంది. “గా ఏడో నంబరు పిల్ల లేదూ, సన్నగుంటది, గా పిల్ల కొట్టింది. ముగ్గురు అడ్డమొచ్చిన్రు. ఒకదాన్ని ఇట్ల దాటింది, ఇంకొకదాన్ని గట్ల. జుట్టు ఊడిపోయింది, కట్టుకోలె. కొట్టినంక బంతి వంగుకుంట పోయింది. కీపర్ నిలవడి సూసింది, గంతే.”

అమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. ఏడో నంబరు గోల్ ఆమెకు ఎందుకు? ఆమె ఏడ్చింది మాటకు. నేనూ అందుకే ఏడ్చాను.

ఆ గోల్ మా ఇంట్లో పెద్దదవుతూ వచ్చింది. పాలతనికి చెప్పేటప్పటికి అడ్డమొచ్చినవాళ్లు నలుగురయ్యారు. కట్టు మార్చడానికి వచ్చిన కాంపౌండర్‌కు చెప్పేటప్పుడు ఆ గోల్ మీద వాన కూడా పడింది. కర్ర పట్టుకుని మూలమలుపు చాయ్ హోటల్ దాకా బాపు మొదటిసారి నడిచింది కూడా ఆ గోల్ చెప్పడానికే. సెకండ్ షిఫ్టుకు పోయేవాళ్లు ఆగి వినేవాళ్లు. “కాకా, గోల్ చెప్పు,” అని అడిగేవాళ్లు. ఎవరూ ఇక బండ సంగతి ఎత్తలేదు. అమ్మ మేకను కోయించింది. ఆంటీ వాళ్లు మాంసం తినరు, ఆమెకు విడిగా గారెలు చేసింది.

వానలు పడ్డాక ఒక సాయంత్రం ఎవరో ఆ మ్యాచ్ ముక్కలు కత్తిరించి ఫోన్‌లో పెట్టారు. నేను పెరట్లో నిలబడి చూశాను. ఏడో నంబరు పిల్ల అసలు ఆ దరిదాపుల్లో లేదు. మూల నుంచి ఎవరో బంతి తన్నారు. అది అవతలి జట్టు పిల్ల వీపుకే తగిలి, దారి తప్పిన కోడిపిల్లలా మెల్లగా దొర్లుకుంటూ గీత దాటింది. అంతే. ఎండ ఫెళ్లున కాస్తోంది. వాన లేదు.

తల ఎత్తేసరికి కర్ర ఊతంతో బాపు నా వెనకే నిలబడి ఉన్నాడు. తెర వైపు చూస్తున్నాడు. దాచడానికి టైం లేదు. ఇద్దరం దాన్ని మళ్లీ ఒకసారి చూశాం.

“నువ్వు సూడలేదా బాపు?” అన్నాను.

బట్టలుతికే బండ మీద మెల్లగా కూర్చున్నాడు.

“సైరన్ కూసినంక నేను ఫోన్ దిక్కు సూస్తనా బిడ్డా? బాయిల పనిజేసినోడు సప్పుడైతే పైకే సూస్తడు. స్లాబు దిక్కే సూసిన. మీరు లోపటికొచ్చిన్రు. మీ మొకాలు సూస్తె ఏదో పోగొట్టుకున్నోళ్ల లెక్క ఉండె. ఇయ్యబుద్ధయింది.”

నాకు నవ్వు రాబోయింది. ఆయన ముఖం చూసి ఆగిపోయాను.

“గా దినం గూడ పైకే సూసిన,” అన్నాడు. “పైన చిటుక్కుమన్నది. తల పైకెత్తిన. గంతే. వాడు ఎటు సూసిండో, నన్ను పిలిసిండో లేదో, నాకు ఎర్కలేదు. మనిషి పక్కపొంటే ఉండె, వాని మొకం సూడలె. ఆయమ్మ వచ్చి ఆఖరుకు ఎట్లుండె అని అడిగితే ఏం జెప్పాలె? గోల్ అయితే అల్లి చెప్పొచ్చు. గిది ఎట్ల అల్లుత?”

ఆయన కర్ర చివరతో తడిమట్టిని కాసేపు గీకాడు.

“రేపు నస్పూర్ తోల్కపోతవా?”

మరునాడు ఆటో మాట్లాడుకుని వెళ్లాం. గోదావరి మీద వంతెన దాటుతుంటే నీళ్ల మీద మబ్బు కిందికి దిగి ఉంది. అవతలి ఒడ్డు కనిపించలేదు. బాపు ఆ తెలుపులోకే చూస్తూ కూర్చున్నాడు. ఆ కొండల దేశంలోకి నిజంగానే పోతున్నామా అనిపించింది నాకు. వంతెన దిగాక మంచిర్యాల బస్సులు హారన్లు కొడుతూ ఎదురొచ్చాయి.

ఆమె గది చిన్నది. మమ్మల్ని చూసి చాప పరిచింది. బాపు కాలు మడవలేడని చూసి, చాప తీసేసి కుర్చీ తెచ్చింది. నీళ్లిచ్చింది. ఆయన గ్లాసు పట్టుకునే చెప్పాడు.

“చెల్లె, నువ్వు అడిగినవ్. నేను సూడలె. పైకి సూసిన. ఏమన్నడో నేను ఇనలె. గిది నీకు గప్పుడే చెప్పాల్సింది.”

చెప్పి తల దించుకున్నాడు. నేను చూపు ఎక్కడ పెట్టాలో తెలియక గూట్లో ఉన్న దువ్వెన వైపు చూస్తూ ఉన్నాను. ఆమె వచ్చి కుర్చీకి ఎదురుగా నేల మీద కూర్చుంది.

“సూడనిది ఎట్ల చెప్తవన్నా,” అంది. “సూసింది చెప్పు. పొద్దున ఇంట్ల నుంచి పోయిండు. గప్పటి సంది నాకు ఏం తెల్వది.”

బాపు చెప్పడం మొదలుపెట్టాడు. సైకిల్ గాలి పోతే దారిలో నెట్టుకొచ్చిన సంగతి. హాజరు వేసే మస్టర్ దగ్గర ఎవరితోనో ఆడిన ఎకసెక్కాలు. లోపలికి దిగేటప్పుడు టోపీ దీపం సరిగ్గా వెలగక జోడీదారు దాన్ని తొడ మీద కొట్టుకున్న సంగతి. ముగ్గురో నలుగురో అడ్డమొచ్చింది లేదు, వాన పడింది లేదు. ఒక్కో మాటకు ఆగి, సరిగ్గానే చెప్తున్నానా అని తనలో తాను చూసుకుని మరీ చెప్పాడు. ఆమె తల ఊపుతూ వింది.

“తిన్నడా?” అని అడిగింది మధ్యలో. “గా దినం నేను లేటు లేసిన. పచ్చిపులుసు ఒక్కటే పోసి కట్టిన. కోపం జేసుకోని పోయిండు.”

“తిన్నడు,” అన్నాడు బాపు. “మొత్తం తిన్నడు చెల్లె. నా టిఫిన్ల నుంచి గూడ అన్నం తీసుకోని నీ పచ్చిపులుసులనే కలుపుకోని తిన్నడు.”

ఆమె కొంగు ముఖానికి అడ్డం పెట్టుకుంది. ముందు నవ్విందో, ముందు ఏడ్చిందో నేను ఇప్పటికీ చెప్పలేను.