వాపసు రాని పేరు

మా పక్క క్వార్టరు కాక పోయిండు. పోయిన నెల ఒక ఆయితారం పొద్దుగాల, ఫస్టు షిఫ్టు సైరను కూసిన కొద్దిసేపటికి, దవాఖానల పానం ఇడిసిండు. చాన్నాళ్ల సంది దమ్ముతోని తండ్లాడుతున్నడు గనుక "అయ్యో, గిట్లెట్లయింది" అని ఎవ్వలం అనలే. కానీ పక్కింట్లకెళ్లి ఆ దగ్గు ఇనబడకపోతే నాకు నిద్ర పడుతలేదు. పదకొండేండ్లు ఆ దగ్గును తిట్టుకున్నోన్ని నేనే.

ఆయన పేరు రాయను. ఏ గని, ఏ క్వార్టర్ల లైను అని అడగకుర్రి. ఎందుకు రాస్తలేనో చదువుకుంట పోతే మీకే సమజైతది.

నేను గోదావరిఖనిల బడిపంతులును. ఇంగ్లీషు చదవొచ్చినోళ్లు మా లైన్ల తక్కువ. అందుకని ఎవ్వలికి ఏ కాగితమొచ్చినా నా అరుగు మీదికే తెచ్చెటోళ్లు. ఒక ఏడు పాత బకాయిలన్నీ ఒక్కసారి చేతికొచ్చినయి. కాగితం మీద జీతం ఎక్కువ కనబడ్డది, ఇన్‌కం టాక్సు కోసిన్రు. నిజానికి మావోళ్లల్ల చానామంది కట్టవల్సిందేం లేదు. ఫారం నింపి పంపితే వాపసొస్తదని ఎవరో చెప్పిన్రు. ఇగ సూడుర్రి, నా అరుగు జాతరైంది.

నింపుడు నింపిన గానీ, వాపసు ఎందుకు రాదో నాకు నింపినంకనే తెలిసింది. ఒకాయన క్వార్టరు మారిండు, వచ్చిన కాగితం పాత ఇంటి తలుపు సూసి వాపసు పోయింది. ఒకాయన ఫారం మీద సంతకం చేసి, బ్యాంకుల ఏలిముద్ర ఏసిండు. ఇంకొకాయన కంపెనీ ఇచ్చిన సర్టిఫికెట్‌ను దేవుని పటం ఎనుక భద్రంగ దాసి, ఒట్టి ఫారం పంపిండు. తిట్టని రోజు లేదు నేను. అందరివి మెల్లమెల్లగ వచ్చినయి. కాకది ఒక్కటే రాలే.

కాక గనిల సర్దార్. లోపల ఇరవై మందిని పనికి పెట్టి, పైకప్పు తట్టి సూసి, మల్ల అందర్నీ బయటికి తెచ్చే పని. నాకంటే పెద్దోడైనా నన్ను "సారూ" అనే పిలిచెటోడు. ఫారం నింపిన దినం నాకింక యాదుంది. "పేరు చెప్పు కాకా" అన్న. చెప్పులు ఇడిసి, మల్ల తొడుక్కున్నడు. తర్వాత ఒక పేరు చెప్పిండు. నేను రాసిన. సర్టిఫికెట్ ఆయనే కవర్ల పెట్టి గమ్మంటించిండు. నేను తీసి సూడలే. తప్పు నాదే, ఒప్పుకుంటున్న.

ఎనిమిది నెలలకు, ఫారం మీద నేను రాసిన బడి పత్తాకు, పన్ను ఆఫీసుకెళ్లి ఉత్తరమొచ్చింది. మీరు పంపిన సర్టిఫికెట్ మీద పేరు వేరున్నది, మీరెవరు, వివరణ ఇవ్వాలె అని. నాకు మండింది. "ఏంది కాకా, ఎవని కాగితం పెట్టినవ్?" అని గట్టిగ అరిచిన. కాక లేసి తలుపు దగ్గరికేసిండు.

"ఆ కాగితం మీదున్నది మా అన్న పేరు సారూ" అన్నడు.

అన్నకు నౌకరి కాగితం వచ్చిందట. వచ్చిన వారానికే జరమొచ్చి సచ్చిపోయిండు. ఇంట్ల తినెటోళ్లు ఏడుగురు. తండ్రి ఆ కాగితం తెచ్చి తమ్ముని చేతుల పెట్టి, "ఇయాల్టి సంది నువ్వే వాడివి, పో" అన్నడట. గనుల పొంటి గిట్ల వేరేటోని పేరు మీద దిగినోళ్లు ఇంకా ఉన్నరు, అది కొత్త ముచ్చట కాదు. ఊరంత ఎరుకే, ఒక్కడు నోరిప్పలే. కంపెనీకి తెలిస్తే మాత్రం నౌకరి పోతది, క్వార్టరు పోతది.

"రోజు హాజరి పిలిచినప్పుడు మా అన్న పేరే పిలుస్తరు. నేను జెర ఆగి పలుకుత. ఆలస్యమైందని తిడుతరు. ఏం జెయ్యాలె సారూ, ముందుగాల ఆయన పలుకుతడేమోనని భయం."

ఈ మాట అన్నప్పుడు కాక నవ్వలే. బువ్వ తినేటప్పుడు మొదటి ముద్ద పక్కకు ఎందుకు తీసి పెడుతడో, కాక పెండ్లాం, మా చిన్నమ్మ, దాన్ని ఎందుకు ముట్టదో ఆ దినమే తెలిసింది. "ఆయన బువ్వే కద నేను తింటున్న" అనెటోడు.

"పోనీ కాకా, ఫికర్ చెయ్యకు. పొరపాటైందని రాసి, కంపెనీల ఉన్న పేరుతోనే ఇంకో ఫారం ఏస్తం. మూడు నెలల్ల వస్తయి" అన్న.

"వద్దు సారూ."

"వద్దంటే? నెల జీతమంత పైస అది!"

"వద్దు. ఇన్నేండ్లకు నా పేరు మీద ఉత్తరమొచ్చింది."

ఆ కాగితాన్ని అడిగి తీసుకున్నడు. పైన టైపు కొట్టిన పేరు మీద ఏలు పెట్టి, ఒక్కొక్క అక్షరం నాతోని చదివించుకున్నడు. ఎట్లన్న చేసి ఈ లెక్క తెగకుంట చూడుమన్నడు. అంటే ఏంది, గడువు కావాలె అని రాసుకుంట పోవాలె. వాళ్లు మల్ల అడగాలె. అందరు వాపసు జల్ది రావాలని నా పానం తీస్తే, ఈ మనిషి రావద్దని తీసిండు. నాలుగు నెలలకో ఐదు నెలలకో ఒక ఉత్తరమొచ్చేది. కాక ఆ దినం గడ్డం గీసుకుని, ఉతికిన అంగీ తొడుక్కుని వచ్చెటోడు. చిన్నమ్మకు కోపం. "ఇంట్ల పిల్లగానికి చెప్పులు లేవు గానీ ఈయనకు ఉత్తరాలు కావాలె" అని గోడ అవతలికెళ్లి ఇనబడేటట్టు అనేది. నేను కూడ ఆమె దిక్కే ఉంటి. ఇప్పుడు చెప్పుతున్న, నాకు అప్పుడు బుద్ధి లేదు.

ఒకసారి పన్ను ఆఫీసోళ్లు బడికి కాకుంట గనికే రాసిన్రు. సెకండ్ షిఫ్టు దిగే యాల్ల, అందరు లైన్ల నిలబడ్డరు. టైం ఆఫీసు గుమాస్తా ఆ కవరు పట్టుకుని బయటికొచ్చిండట. "ఈ పేరుతోని మన దగ్గర ఎవ్వలు లేరు. ఇంటిపేరు మాత్రం నీదే. ఎవరయ్యా ఈయన?" అని అందరి ముందల కాకను అడిగిండట.

"మా తమ్ముడు."

"ఏడున్నడు?"

"లేడు. సచ్చిపోయిండు."

గుమాస్తా పాపం మంచోడే. "అయ్యో" అని, కవరు మీద అదే ముక్క రాసి వాపసు పంపిండు. కాక గనిల దిగి, పూర్తి షిఫ్టు చేసి ఇంటికొచ్చిండు. రోజు ఏన్నీళ్లు పోసుకునెటోడు, ఆ దినం నల్లా కింద కూసుండి తలమీదికెళ్లి సన్నీళ్లు గుమ్మరించుకున్నడు. సావుకు పోయొచ్చినోళ్లు పోసుకున్నట్టు. చిన్నమ్మ భయపడి నన్ను పిలిచింది. నేను పొయ్యేసరికి తడిబట్టలతోనే కూసున్నడు.

"నా సావు నేనే చెప్పొచ్చిన సారూ" అన్నడు. "చెప్పేటప్పుడు గొంతు కూడ వణకలే. వేరేటోన్ని చెప్పినట్టే చెప్పిన."

నేను పక్కన కూసున్న.

కొన్ని నెలలకు ఆఖరు ఉత్తరమొచ్చింది, బడి పత్తాకే. ఫలానా ఆయన చనిపోయినట్టు తెలిసింది, వారసులు మరణ ధ్రువపత్రం జతచేసి అర్జీ పెట్టుకుంటే వాపసు సంగతి చూస్తమని. సదివి వినిపియ్యనా వద్దా అని రెండు దినాలు నా జేబుల పెట్టుకుని తిరిగిన. వినిపించిన. కాక అంతా విని, "ఆ కాగితం ఎవరిస్తరు సారూ, దవాఖానల ఇస్తరా?" అని నెమ్మదిగ అడిగిండు. ఆ తర్వాత పేరు ఎత్తలే, ఉత్తరం ఎత్తలే. దమ్ము అప్పటి సందే ముదిరిందని నేనంట. డాక్టర్లు వేరే చెప్పుతరు.

కాక పోయిన మూడో దినం చిన్నమ్మ నా అరుగు మీదికొచ్చింది. చేతుల దవాఖాన కాగితం.

"సారూ, ఇప్పుడన్న వస్తదా? సచ్చిపోయిన కాగితం కావాలన్నరు గద."

పైసల కోసం అడిగిందనుకున్నరా? కాదు. ఆయన పేరు ఒక్క కాగితం మీదన్న తెగకుంట ఉంటదేమోనని అడిగింది. నేను విప్పి సూసిన. అండ్ల సచ్చిపోయిందని రాసింది కాక అన్న పేరు. ఎప్పుడో పదిహేడేండ్ల కింద ఊర్ల సచ్చిపోయినాయన, ఆ ఆయితారం మా దవాఖానల మల్ల సచ్చిపోయిండు. కాక ఏ రిజిస్టర్ల సావలేదు, ఏ రిజిస్టర్ల బతకలేదు. ఆమెకు చదువు రాదు, నా మొఖం సూసి సమజు చేసుకుంది. కాగితం మడిచి కొంగుల ముడేసుకుని లేసింది. తండ్రి నౌకరి కొడుక్కు ఇస్తమని కంపెనీ ఆఫీసోళ్లు అప్పటికే చెప్పిపోయిన్రు మరి. ఆ నౌకరి కూడ ఆ పేరు మీదనే ఉన్నది.

పదో దినం గోదారి ఒడ్డుకు పోయినం. షిఫ్టోళ్లు, యూనియనోళ్లు, ఆఫీసోళ్లు చానామంది వచ్చిన్రు. కాకంటే అందరికి పానం. నీళ్లిడిసేటప్పుడు అయ్యగారు "తండ్రి పేరు చెప్పు బిడ్డా" అన్నడు. పిల్లగాడు తల్లి దిక్కు సూసిండు. ఆఫీసోళ్ల దిక్కు సూసిండు. వాళ్ల పెద్దనాయన పేరు చెప్పిండు. ఏం జేస్తడు, పంతొమ్మిదేండ్ల పోరడు. ఆ నీళ్లు కూడ అన్నకే పోయినయి.

అందరు గడ్డెక్కి లారీ దిక్కు నడిచిన్రు. నేను తువ్వాల పిండుకునేదాన్కి ఎనుక పడ్డ. తిరిగి సూస్తే చిన్నమ్మ ఇంక నీళ్లల్లనే ఉన్నది, మోకాళ్లలోతుల, ఒక్కతే. మావోళ్లల్ల ఆడోళ్లు పెనిమిటి పేరు నోటితోని తియ్యరు. ఈ పదకొండేండ్లల్ల ఆమె "ఇగో", "మీ కాక" అనుడే గానీ ఇంకోటి నేనెన్నడు ఇనలే.

ఆమె ఆయన అసలు పేరు తీసింది. మొదటిసారి నోరు తిరగక సగంలనే ఆగింది. కొంగు సదురుకుని, ఇంకొంచెం లోపలికి పోయి, అవతలి ఒడ్డుకు ఇనబడేటట్టు మల్ల పిలిచింది.